వడ్లు తొక్కని జట్టు

ఈ మధ్య ఆటల టీచర్ల శిక్షణ తరగతుల్లో మాట్లాడమని నన్ను పిలుస్తున్నారు. పిలిచిన ప్రతిచోటా, మెడలో కొత్త ఈలలు వేసుకుని కూర్చున్న పిల్లలు ఒకటే అడుగుతారు: జాతీయ పోటీల్లో కప్పు గెలిచిన రోజు మీకెలా అనిపించిందండీ అని. చలేసింది అని చెబుతాను. నిజంగా అంతే. ఎక్కడో ఉత్తరాదిన, చలికాలంలో, మోకాళ్ళు కనబడే నిక్కర్లతో ఆడాం. కప్పు చేతికిచ్చేసరికి అది మంచుగడ్డలా ఉంది. ఎప్పుడు కింద పెడదామా అనుకున్నాను. దాని గురించి చెప్పడానికి ఇంకేం లేదు.

అడగాల్సింది రేపల్లె గురించి. ఎవరూ అడగరు కాబట్టి నేనే రాస్తున్నాను. ఆటల టీచర్లు కాబోయేవాళ్ళు చదివితే మంచిది. చదవకపోతే నాకు పోయేదేం లేదు, నేను ఉద్యోగం మానేశాను.

మాది బాపట్ల. అరవైల్లో కాలేజీలో చేరేటప్పటికి నేను గుమ్మాల దగ్గర తల వంచేంత పొడుగు. అది చూసి మా ఇంట్లోవాళ్ళు బెంగపెట్టుకుంటే, ఆటల మాష్టారు సంబరపడ్డారు. బి.ఏ. అయ్యాక ఒక పెద్ద ఆఫీసువాళ్ళు తమ బాస్కెట్‌బాల్ జట్టు కోసం నన్ను ఉద్యోగంలోకి తీసుకున్నారు. పేరుకి గుమాస్తాని. జీతం గుమాస్తాది, పని బంతిది. అక్కడున్నన్నాళ్ళూ ఒక్క ఫైలు విప్పి చూసిన పాపాన పోలేదు. ఆ జట్టే దేశంలో మొదటి స్థానంలో నిలిచింది. ఫైనల్లో ఆఖరి బాస్కెట్ నేనే వేశాను.

నాకు ఆ బంతి అందించిన అమ్మాయిది కూడా బాపట్లే. "నేనందించబట్టి నువ్వు వేశావు" అని ఆవిడ ఇవాళ్టికీ అంటుంది. అందించడం పోస్టుమాను పని. ఉత్తరం రాసింది ఎవరన్నది కదా ముఖ్యం. ఈ మాట ఆవిడ మొహం మీదే చాలాసార్లు అన్నాను. నాతో సమానంగా వాదించగలిగిన మనిషి ఆ జిల్లాలో ఆవిడ ఒక్కతే, అందుకే స్నేహం నిలిచింది.

తర్వాత నా మోకాలు చెడింది. ఇక నిజంగానే ఫైళ్ళు చూడమన్నారు ఆఫీసువాళ్ళు. నాకు నవ్వొచ్చింది, వాళ్ళకి రాలేదు. ఉద్యోగం వదిలేసి, డెబ్భైల మొదట్లో రేపల్లెలో ఒక ఆడపిల్లల హైస్కూల్లో ఆటల టీచరుగా చేరాను. అదే సమయానికి మా పోస్టుమాను కూడా ఆట మానేసి బాపట్లలో ఆడపిల్లల జట్టుకి కోచ్ అయింది. నన్ను చూసే అయిందని నేనంటాను. తనని చూసే నేనయ్యానని ఆవిడ అంటుంది.

మా హెడ్మిస్ట్రెస్ తెల్లచీర కట్టుకునే పెద్దావిడ. ఆదివారం చర్చిలో పాటలు పాడించే గొంతుతోనే సోమవారం అసెంబ్లీలో అందరినీ తిట్టేది. చేరిన రోజే నన్ను గదిలో కూర్చోబెట్టి సంగతి తేల్చి చెప్పింది. ఆటల పీరియడు ఒక్క ఏడాదికే ఇచ్చారు. తెనాలిలో జరిగే ఆడపిల్లల పోటీల్లో కప్పు తెస్తే ఉంటుంది, లేకపోతే ఆ పీరియడు కుట్టుపనికి పోతుంది. పీరియడుతో పాటు నేనూ పోతాను.

"కుట్టు టీచరు మిషన్లు అడుగుతోంది, మీరు గ్రౌండు అడుగుతున్నారు," అంది. "మిషను కొంటే కొన్నట్టు కనబడుతుందమ్మా. గ్రౌండు కొంటే ఖాళీగా కనబడుతుంది. కమిటీవాళ్ళని నేనెట్టా ఒప్పించేది?"

నేను ఛాంపియన్‌ని కదా, కప్పు తేవడం ఎంతసేపు అనుకున్నాను. గ్రౌండు ఎక్కడుందో చూపించమన్నాను. ఆవిడ కిటికీ తెరిచి చూపించింది. ప్రార్థనకి పిల్లలు నిలబడితే ఆఖరి వరస రోడ్డు మీద ఉండే స్కూలు అది.

చివరికి స్కూలు కమిటీ ప్రెసిడెంటుగారే దారి చూపించారు. ఆయనకి ఊరి చివర బియ్యం మిల్లు ఉంది. మిల్లు ముందు వడ్లు ఆరబోసే సిమెంటు కళ్ళం, అద్దంలా నున్నగా, బాస్కెట్‌బాల్ కోర్టుకి కొలిచి పోసినట్టు ఉండేది. స్కూలు వదిలాక సాయంత్రాలు అక్కడ ఆడుకోమన్నారు. చూసి మురిసిపోయాను. మర్నాడు పిల్లల్ని వెంటబెట్టుకుని వెళ్తే కళ్ళం నిండా వడ్లు ఆరబోసి ఉన్నాయి. చుట్టూ అంచు వెంబడి ఒక మనిషీ ఒక బంతీ పట్టేంత దారి మాత్రం వదిలారు.

ఇదేంటని అడిగితే, మిల్లన్నాక వడ్లుంటాయి, అంచుల్లో ఆడుకోమన్నారు ప్రెసిడెంటుగారు. కాలు వడ్ల మీద పడకూడదు. లక్ష్మీదేవిని తొక్కినట్టు. పైగా నూకవుతుంది.

ఆ సమయానికి కూలీ ఆడవాళ్ళు వరసగా నడుస్తూ కాళ్ళతోనే వడ్లు తిరగేస్తున్నారు. నేను ఊరుకునే మనిషిని కాను.

"మరి వాళ్ళేం చేస్తున్నారండీ?"

"వాళ్ళు తిరగేస్తున్నారు," అన్నారాయన. "మీ పిల్లలు తొక్కుతారు. దానికీ దీనికీ తేడా తెలీకపోతే మీకు బి.ఏ. ఎవరిచ్చారు టీచరమ్మా?"

ఆ ఏడాదంతా ఇదే తగువు. ఆయన మిల్లు అరుగు మీద పడక్కుర్చీలో కూర్చుని, మా పిల్లల కాళ్ళ మీదే చూపు పెట్టుకునేవారు. ఎవరి కాలైనా జారి వడ్లలో పడితే గట్టిగా దగ్గేవారు. ఆ పిల్ల అక్కడికక్కడే ఆగి, వంగి, గింజల్ని తాకి కళ్ళకద్దుకుని, మళ్ళీ పరిగెత్తేది. ఒకసారి ఆటలో ఉండగా, ఒకరి తర్వాత ఒకరు, జట్టు మొత్తం వంగి దణ్ణాలు పెడుతుంటే, ఇది బాస్కెట్‌బాలా, పూజా అని నేను అరిచాను. కెప్టెన్ పిల్ల నావైపు జాలిగా చూసి, "రెండూనండి" అంది.

ఈ కెప్టెన్ పిల్ల సముద్రపు ఒడ్డు ఊరిది. హాస్టల్లో ఉండి చదువుకునేది. వాళ్ళ నాన్న వేటకెళ్ళే మనిషి. కళ్ళం చివర గుంజ పాతి కట్టిన రింగుకి బజారులో నెట్ దొరక్కపోతే, ఆయనకి కబురు పెడితే స్వయంగా అల్లి తెచ్చాడు. చక్కటి అల్లిక. తీరా కట్టి బంతి వేస్తే అది కిందకి రాదు. ఆయన అడుగు మూసేసి అల్లాడు. అడుగు ఎందుకు మూశావయ్యా అంటే, తెరిచుంటే పడింది పోదామ్మా అన్నాడు. ఆయన వైపు నుంచి చూస్తే తప్పేముంది. కుట్టు టీచరు వచ్చి కత్తెరతో అడుగు కోసి, అంచులు ముడేసి ఇచ్చింది.

ఆవిడ గురించి కూడా చెప్పాలి. నా పీరియడు కోసం కాచుకుని కూర్చున్న మనిషి, నా జట్టుకి బట్టలు ఆవిడే కుట్టింది. నిక్కర్లంటే తల్లిదండ్రులు ఒప్పుకోరు, లంగాలతో పరిగెత్తితే పడతారు. ఆవిడ ఆలోచించి, నిలబడితే లంగాలా, పరిగెత్తితే పైజమాలా ఉండేది ఒకటి కుట్టింది. బాగున్నాయి అన్నాను. "బాగుండాలిగా మరి, ఒక్కసారేగా వేసుకునేది" అంది. నాలిక పదునులో ఆవిడ నాకేం తీసిపోదు.

ఇప్పుడు అసలు సంగతి. ఏడాది గడిచేసరికి మా పిల్లలు అంచుల్లో ఆడటంలో దిట్టలయ్యారు. ఆ సన్నటి దారిలో బంతి కొట్టుకుంటూ పాముల్లా పోయేవారు. వడ్ల మీద బంతి పడినా ప్రెసిడెంటుగారు దగ్గుతారు కాబట్టి, ఈ అంచు నుంచి ఆ అంచుకి వేసిన పాస్ ఒక్కటి కూడా కింద పడనిచ్చేవారు కాదు. మూలల్లోంచి రింగులోకి కళ్ళు మూసుకుని వేసేవారు. నేను మురిసిపోయాను. వీళ్ళు కళ్ళం మధ్యలోకి ఒక్కసారి కూడా అడుగు పెట్టలేదన్న సంగతి నాకు తట్టనే లేదు. తరగతి గదిలో బోర్డు మీద బాణాలు గీసి, మధ్యలోంచి ఎలా దూసుకుపోవాలో ఎన్నిసార్లు చెప్పానో. పిల్లలు శ్రద్ధగా రాసుకునేవారు. పరీక్ష పెడితే అందరూ పాసయ్యేవారు. ఏడాదంతా కళ్ళెదుట జరిగింది మీకెలా కనబడలేదండీ అని శిక్షణ తరగతుల్లో ఒక కుర్రాడు అడిగాడు. నీ ఇంట్లో దూలాలెన్నో చెప్పు అన్నాను. చెప్పలేకపోయాడు. కూర్చోమన్నాను.

పోటీలకి రేపల్లె నుంచి తెనాలికి పాసింజరు బండిలో వెళ్ళాం. మాతో హెడ్మిస్ట్రెస్ గొడుగుతో, ప్రెసిడెంటుగారు ఇస్త్రీ ఉత్తరీయంతో, కుట్టు టీచరు సూదీ దారంతో బయల్దేరారు. బట్టలు చిరిగితే కుట్టడానికి అంది. నాకు మాత్రం, నా పీరియడు చిరిగిపోతుంటే చూడటానికి వస్తోందనిపించింది.

మొదట మేము చీరాల వైపు జట్టుతో ఆడాలి. వాళ్ళు రాలేదు. కారణం ఎవరికీ తెలీదు. రాలేదు కాబట్టి మేము గెలిచినట్టే, నేరుగా ఫైనలే అన్నారు. ప్రెసిడెంటుగారు పొంగిపోయి, మనవాళ్ళ పేరు వినే భయపడుంటారు అన్నారు. మా పేరు అప్పటిదాకా మా స్కూల్లోనే సగం మందికి తెలీదు.

ఫైనల్లో అవతలి జట్టు బాపట్ల. వాళ్ళ కోచ్ మా పోస్టుమాను. నన్ను చూడగానే దగ్గరకొచ్చి, "ఏమే, ఇవాళ నీకు బంతి అందించేవాళ్ళెవరే?" అంది. ఆట అయ్యాక చెబుతానన్నాను.

ఆట మొదలైంది. బాపట్ల పిల్లలు అందరిలాగే మధ్యలో కాపలా కాశారు. మా పిల్లలు అటే వెళ్ళలేదు. బంతి పట్టుకుని అంచు వెంబడి రయ్యిమని పోవడం, మూలలోంచి వేయడం. మళ్ళీ అంచు, మళ్ళీ మూల. బాపట్ల పిల్లలు మధ్యలో చేతులు చాపుకుని, బస్సు కోసం నిలబడ్డట్టు నిలబడ్డారు. సగం ఆట అయ్యేసరికి మేమే పైన ఉన్నాం. ప్రెసిడెంటుగారు పక్కవాళ్ళకి మిల్లు గురించి చెప్పడం మొదలుపెట్టారు. కుట్టు టీచరు సూదిని సంచిలో పెట్టేసింది.

విరామంలో మా పోస్టుమాను మళ్ళీ వచ్చింది. ఈసారి నవ్వడం లేదు.

"ఏమే, మీ పిల్లలకి మధ్యలో గొయ్యేమన్నా కనబడుతోందా? ఒక్కత్తీ అటు అడుగెయ్యదేంటే?"

అప్పుడు తట్టింది నాకు. మొహం మాత్రం మారనివ్వలేదు. అది మా వ్యూహం అన్నాను. ఆవిడ నన్నొక్కసారి చూసి, వెళ్ళి, తన పిల్లలందరినీ అంచుల్లో నిలబెట్టింది. బాగా ఆలోచించింది. ఇది ఇక్కడ రాశాను కదా అని ఆవిడ రేపు నా దగ్గరికి వచ్చి గొప్పలు పోనక్కర్లేదు.

రెండో సగంలో మా పిల్లలకి దారి లేదు. కోర్టు మధ్యంతా ఖాళీ, పెళ్ళి పందిరి వేయొచ్చు. అయినా వీళ్ళు అంచుల్లోనే కుక్కుకుని, తోసుకుని, బంతి పోగొట్టుకుంటున్నారు. స్కోరు సమానమైంది, తర్వాత బాపట్ల ముందుకెళ్ళింది. నేను టైమౌట్ అడిగి పిల్లల్ని పిలిచి, మధ్యలోంచి వెళ్ళండర్రా, అక్కడెవరూ లేరు అన్నాను. అట్టాగేనండి అన్నారు. వెళ్ళారు. మళ్ళీ అంచునే పట్టుకున్నారు.

మళ్ళీ టైమౌట్. ఈసారి కెప్టెన్ పిల్ల కళ్ళనీళ్ళు పెట్టుకుంది.

"తెలుసండి టీచర్‌గారూ. అక్కడ వడ్లు లేవని తెలుసండి. కాలు పోవడంలేదండి."

ఇంతేసి పొడుగు పిల్ల అలా అంటే ఏం తిట్టగలను. గీత పక్కనే కుర్చీలో ప్రెసిడెంటుగారు కనబడ్డారు. పిల్లలు బంతి పట్టుకున్న ప్రతిసారీ ఒక ఓరచూపు ఆయన వైపు వేస్తున్నారని అప్పుడే గమనించాను. దగ్గుతారేమోనని. పీరియడు, నా ఉద్యోగం, ఇంకా ఎదగాల్సిన ఈ పిల్లలందరి ఆట, అన్నీ వెళ్ళి ఆయన గొంతులో ఇరుక్కున్నాయి.

ఏడాదంతా నేను ఆయన్ని ప్రెసిడెంటుగారూ అని తప్ప పిలవలేదు. అదీ, వినేవాళ్ళకి తిట్టులా ఉండేటట్టు పిలిచేదాన్ని. ఆ నిమిషంలో మాత్రం పరిగెత్తుకెళ్ళి కుర్చీ ముందు నిలబడితే నోట్లోంచి వేరే మాట వచ్చింది.

"బాబాయిగారూ, మీరు చెబితేగాని పిల్లలు మధ్యలోకి వెళ్ళరండి. తొక్కమని చెప్పండి."

ఆయన తొందరపడలేదు. ఉత్తరీయం సర్దుకున్నారు.

"ఏడాది పొడుగూతా తొక్కొద్దంటే నాతో పోట్లాడారు. ఇప్పుడు తొక్కమని నేను చెప్పాలా?"

"చెప్పాలండి."

"అయితే తిరగేయడానికీ తొక్కడానికీ తేడా ఉందని ఒప్పుకుంటారా?"

నా జీవితంలో వాదన వదిలేసిన సందర్భాలు తక్కువ. ఉందండి, చాలా ఉందండి అన్నాను. హెడ్మిస్ట్రెస్ గొడుగు మొనతో ఆయన కుర్చీ కాలిని తట్టి, ఇక చెప్పండి, అవతల ఈలేస్తున్నారు అంది.

ఆయన లేచి గీత దగ్గరికి నడిచారు. మిల్లులో కూలీలని పిలిచే గొంతుతో, తెనాలి మొత్తం వినబడేలా చెప్పారు.

"అమ్మాయిలూ, వడ్లు ఎత్తేశాం. బాగా ఆరినయ్. గోడౌన్లో పడ్డయ్. ఇంక తొక్కండి."

చూడ్డానికొచ్చిన జనం ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. బాపట్ల పిల్లలు నేల చూశారు. మా కెప్టెన్ పిల్ల గీత దగ్గర నిలబడి, చన్నీళ్ళలో పెట్టినట్టు ఒక పాదం మధ్యలో పెట్టింది. ఆయన వైపు చూసింది. ఆయన దగ్గలేదు. రెండో పాదం పెట్టింది. ఆ తర్వాత వీళ్ళని ఆపడం ఎవరి తరం. ఏడాది దాచుకున్న పరుగంతా తీశారు. నేను బోర్డు మీద గీసిన బాణాలన్నీ లేచి నడిచాయి. ఒక పిల్లయితే ఏమీ పని లేకపోయినా మధ్యలో గుండ్రంగా తిరిగొచ్చింది.

స్కోరు మళ్ళీ సమానమైంది. ఆఖరి నిమిషం. బంతి మా కెప్టెన్ చేతిలో, రింగు ఎదురుగా. ఎగరబోయి వెనక్కి అడుగు వేస్తే, ఆ అడుగు బాపట్ల పిల్ల పాదం మీద పడింది. అంతే. మా పిల్ల బంతిని నేల మీద పెట్టి, వంగి, ఆ పిల్ల పాదాన్ని తాకి కళ్ళకద్దుకుంది.

"తప్పయిపోయింది అక్కా."

ఆ బాపట్ల పిల్ల కూడా మంచి ఇంట్లో పుట్టినట్టుంది. బంతి సంగతి వదిలేసి మా పిల్ల భుజం పట్టుకుని, "ఫర్లేదులేమ్మా, తగల్లేదు" అంది. ఇద్దరి మధ్యా బంతి నేల మీద ఉంది. మిగతావాళ్ళంతా ఆగి చూస్తున్నారు. మా జట్టులో అందరికంటే పొట్టి పిల్ల వాళ్ళ మధ్యలోంచి దూరి బంతి తీసుకుని వేసేసింది. ఈల మోగింది.

మా పోస్టుమాను గీత దాటి వచ్చేసింది. దణ్ణం పెట్టేటప్పుడు ఆట ఆగినట్టు లెక్క అంది. ఏ రూల్లో ఉందని నేను అడిగాను. దణ్ణం చూపించి బంతి కొట్టేయడం ఏ రూల్లో ఉందని ఆవిడ అడిగింది. రిఫరీ తెనాలి డ్రిల్లు మాష్టారు, పాపం నెమ్మదస్తుడు. మా ఇద్దరి మధ్యా నిలబడి రూల్సు పుస్తకం అటూ ఇటూ తిప్పి, చివరికి తల ఎత్తాడు.

"దణ్ణం గురించి ఏమీ రాయలేదండి. బాస్కెట్ పడ్డట్టేనండి."

కప్పు మాకిచ్చారు. ఈ కప్పు వెచ్చగా ఉంది, ఎండలో పెట్టారు కాబట్టి. కుట్టు టీచరు అభినందిస్తున్నానంది, ఒక్కొక్క అక్షరం సూది గుచ్చినట్టు.

మర్నాటి కమిటీలో ఆటల పీరియడు ఖాయం చేశారు. నేను కోర్టు కట్టించమని అడిగాను. ప్రెసిడెంటుగారు ఒప్పుకోలేదు. నా కళ్ళం వల్ల గెలిచారు, కోర్టు కట్టించి చెడగొట్టుకుంటామా అన్నారు. అయితే ఆయన మనసు మెత్తబడింది. పిల్లలకి మధ్యలో అలవాటు లేదని తెలిసింది కాబట్టి, మరుసటి ఏడాది మధ్యంతా మాకు వదిలేసి, వడ్లు అంచుల్లో ఆరబోయించారు. నేను చాలా సంతోషించాను. బోర్డు మీద కొత్త బాణాలు గీశాను.

మరుసటి ఏడాది జట్టు తెనాలిలో ఎలా ఆడిందో చెప్పనక్కర్లేదనుకుంటాను. అందరూ మధ్యలో, గ్రూపు ఫోటోకి నిలబడ్డట్టు. బంతి అంచుకి పోతే అది పోయినట్టే, దాని వెనక ఒక్కరూ వెళ్ళలేదు. ఆ రోజు ప్రెసిడెంటుగారు మిల్లు పని మీద రాలేకపోయారు. ఆయన గొంతు పెట్టి, అంచుల్లో కూడా ఎత్తేశామర్రా అని నేనే అరిచాను. పిల్లలు నమ్మలేదు. చిత్తుగా ఓడిపోయాం. మా పోస్టుమాను వచ్చి ఏమీ అనకుండా నా పక్కన కూర్చుని సోడా తాగింది. అది ఇంకా కష్టంగా ఉంది.

రేపల్లె తిరిగొచ్చి, పెట్టె సర్దుకునే కమిటీకి వెళ్ళాను. కుట్టు టీచరు మిషన్ల ధరల కాగితం పట్టుకుని నాకంటే ముందే వచ్చి కూర్చుంది. ప్రెసిడెంటుగారు ఉత్తరీయం సర్దుకున్నారు. కళ్ళం అదే కళ్ళం, పోయినేడు గెలిపించిన కళ్ళం, కాబట్టి కళ్ళంలో తప్పు లేదన్నారు. పిల్లలు బుద్ధిమంతులు, వాళ్ళలోనూ లేదు. తప్పంతా టీచరమ్మకి సమయం చాలకపోవడంలో ఉంది. కాబట్టి ఆటలకి ఇక మీదట వారానికి రెండు పీరియడ్లు.

నోరు తెరిచి వాదించబోయాను, అలవాటు కొద్దీ. హెడ్మిస్ట్రెస్ నా కొంగు పట్టుకుని కూర్చోబెట్టింది. టైంటేబులు ముందుకు లాక్కుని, కళ్ళజోడు సర్దుకుని, నాకు మాత్రమే వినబడేలా అంది:

"ఊరుకోండి. వచ్చే ఏడు కూడా ఓడిపోతే మూడు చేస్తారు. మూడోది లెక్కల్లోంచే తీయాలి, ఆ టీచరుకి ఇప్పుడే చెప్పి ఉంచుతాను."